ఏది ఆపమన్నావు?

ఫుజివారా అనే ముసలావిడ ఏడుస్తూ ఫోన్ చేసేదాకా నోరీన్‌కి తమ్ముడి సంగతి తెలియదు. పియానో శ్రుతి చేయడానికి వచ్చిన డార్సీ దాని తీగలన్నీ ఊడబీకి హాలంతా పరిచాడట. ఆపమంటే వినడట. నోరీన్ పరుగున వెళ్లేసరికి అతని వేళ్లు తెగి రక్తం కారుతోంది. ముఖంలో మాత్రం పెళ్లికొడుకు కళ.

"అక్కా, ప్రపంచంలో శ్రుతులన్నీ తప్పు! ఇన్నాళ్లూ ఎవడూ కనిపెట్టలేదు!"

ఆ కళ నోరీన్‌కి కొత్త కాదు. మనసు ఉప్పొంగి అదుపు తప్పే జబ్బుకి లిథియం మాత్రలు మొదలుపెట్టక ముందు ఒకసారి ఇదే కళతో అతను లయన్స్ గేట్ వంతెన కమ్మీలెక్కాడు. ఈసారి బతిమాలి, బెదిరించి ఆసుపత్రిలో చేర్చింది.

"మాత్రలు ఎందుకు మానేశావురా?"

"టాంసిన్ మానెయ్యమంది."

"ఎవరా టాంసిన్?"

"నన్ను రోగిలా చూడని ఒకే ఒక్క మనిషి."

టాంసిన్ కమర్షియల్ డ్రైవ్ వీధిలోని ఒక యోగా హాల్లో ఆదివారాలు సమావేశాలు నడుపుతుంది. మత్తెక్కించే పుట్టగొడుగుల పొడిని, మత్తే తెలియనంత చిటికెడు క్యాప్సూల్లో పెట్టి మింగిస్తుంది. దిగులు పోతుందంటుంది. వాంకూవర్‌లో ఇదేం రహస్యం కాదు. నోరీన్ పనిచేసే పళ్ల క్లినిక్‌లోనే రిసెప్షన్ పిల్ల పొద్దున్నే కాఫీతో ఒకటి వేసుకుంటుంది. నోరీన్ ఆ పిల్లని ఆటపట్టించేదే తప్ప ఏనాడూ పట్టించుకోలేదు.

వార్డు డాక్టర్ లెవెక్ విషయం విడమరచి చెప్పాడు. "లిథియం వాడుతూ ఆ పుట్టగొడుగులు తింటే మూర్ఛ వచ్చినవాళ్లున్నారు. అందుకే ఆవిడ లిథియం మానెయ్యమని చెప్పి ఉంటుంది."

"అంటే రెండూ కలవకూడదని ఆవిడకి తెలుసన్నమాట!"

"తెలిసే ఉంటుంది. ఇంకో సంగతి. ఆ పొడి మీద చేసిన పరీక్షల్లో ఉత్త పిండి నింపిన క్యాప్సూళ్లు మింగినవాళ్లలో కూడా చాలావరకు అంతే మేలు కనిపించింది. మీ తమ్ముడి జబ్బున్నవాళ్లనైతే అలాంటి పరీక్షల్లోకి సాధారణంగా రానివ్వరు."

నోరీన్‌కి ఒళ్లు భగ్గున మండింది. ఆదివారం చెప్పులు కూడా విప్పకుండా యోగా హాల్లోకి నడిచింది. దిండ్ల మీద బాసింపట్టు వేసుకున్న జనం తలలు తిప్పారు. టాంసిన్ తెల్లటి ఊలు శాలువలో, పసిపిల్లని జోకొట్టే గొంతుతో మాట్లాడుతోంది.

"నేను డార్సీ అక్కని. వాడు ఆసుపత్రిలో ఉన్నాడు."

టాంసిన్ ముఖం పాలిపోయింది. "అయ్యో... అతను గొప్ప ఆత్మ. మీ కోపం నాకు అర్థమవుతోంది. ఒక్కసారి దీర్ఘంగా ఊపిరి..."

"నా ఊపిరి సంగతి నేను చూసుకుంటాను! లిథియం, నీ పొడి కలవకూడదని నీకు తెలుసా లేదా?"

"తెలుసు. అందుకే జాగ్రత్త చెప్పాను."

"జాగ్రత్తా? రెండింట్లో ఒకటి ఆపాలి. ఏది ఆపమన్నావు? నీ దగ్గరున్నది ఆపమన్నావా, వాడి ప్రాణం నిలబెట్టేది ఆపమన్నావా?"

టాంసిన్ శాలువ దగ్గరికి లాక్కుంది.

నెరిసిన గడ్డంతో ఒకాయన లేచాడు. "అమ్మా, మా ఆవిడ పోయాక మంచం దిగలేదు నేను. దీనివల్లే దిగాను. ఈమెని అలా అనకండి."

"మీరు దిగారు, సంతోషం. మీ మీద నాకేం కోపం లేదు. మా వాడికి చెప్పినట్టు ఇంకెందరికి చెప్పిందో అడగండి!"

నోరీన్ వెనుదిరిగి గుమ్మం దాటింది. వెనక గోడ పక్కనున్న ఒక అమ్మాయి తన సంచీ తీసుకుని, ఎవరి వైపూ చూడకుండా బయటికి వచ్చేసింది. మెట్ల దగ్గర నోరీన్‌ని ఆపి మెల్లగా అడిగింది. "నేనూ లిథియం మానేశాను. మళ్లీ వేసుకోవచ్చా?"

"నీ డాక్టర్‌కి ఇప్పుడే ఫోన్ చెయ్యి. నా ముందే చెయ్యి," అంది నోరీన్.

డార్సీ తేరుకున్నాక ఇదంతా విని గోడవైపు తిరిగి పడుకున్నాడు. "నా పరువు తీశావు."

"నీ ప్రాణం పోయేదిరా!"

అతను చేతులు చాచి చూపించాడు. మళ్లీ లిథియం మొదలైంది కదా, వేళ్లు సన్నగా వణుకుతున్నాయి. "ఈ చేతుల్తో తీగ బిగించే శ్రుతి మేకు ఎలా తిప్పను? క్రిస్మస్‌నాడు నీకు చెప్పాను. 'వణికితేనేం, బతికున్నావుగా' అని బంగాళదుంపలు వడ్డించావు. టాంసిన్ మాత్రం గంటసేపు కూర్చుని విన్నది."

నోరీన్ కోపం తగ్గలేదు. అది ఇప్పుడు తన మీదికి కూడా మళ్లింది.

ఆ కోపంతోనే తమ్ముణ్ణి చెయ్యి పట్టుకుని లెవెక్ గదికి లాక్కెళ్లింది. "వీడి చేతులు వణుకుతున్నాయా అని మీ వాళ్లెవరైనా ఎప్పుడైనా అడిగారా?"

"అతను చెప్పలేదు..."

"మీరు అడగలేదు!"

"డాక్టర్ గారూ, మా అక్క ఎవరో ఒకరి మీద అరవకపోతే అన్నం అరగదు. ఈ వారం మీ వంతు," అన్నాడు డార్సీ.

లెవెక్ నవ్వలేదు. మోతాదు కొంచెం తగ్గించి చూడొచ్చని, వణుకుకి వేరే మాత్ర ఉందని చెప్పాడు. ఇన్నేళ్లుగా ఉన్న మార్గాలే. వణుకు పూర్తిగా పోలేదు గానీ చాలా తగ్గింది. వసంతానికి డార్సీ ఫుజివారా గారి పియానోకి కొత్త తీగలు బిగించడం మొదలుపెట్టాడు. అక్కతో మాటలు కలిశాయి గానీ, ఆమె టాంసిన్‌ని ఒక్క మాటన్నా ఒప్పుకోడు.

ఆదివారాలు ఆ యోగా హాలు ఇప్పటికీ నిండుతూనే ఉంది. బస్సు ఆ వీధిలోంచి వెళ్తుంటే నోరీన్ పళ్లు పటపట కొరుకుతుంది. పళ్లు అలా కొరకొద్దని క్లినిక్‌లో రోజూ నలుగురికి చెప్పేది తనే.