కాదనైనా చెప్పమనండి

శాలిబండలో రోడ్డు వెడల్పు చేస్తామని సర్కారు సత్తెమ్మ బర్రెల కొట్టం కూల్చింది. కూల్చడానికి ఒక్క పూట పట్టింది. దాని ధర ఎంతో తేల్చడానికి మూడేళ్లు చాలలేదు. కట్టేసే చోటు లేక రెండు బర్రెలు అమ్మేశారు. మిగిలిన రెండూ గల్లీలో గుమ్మం ముందే నిలబడుతున్నాయి, వచ్చేపోయేవాళ్లు తిడుతున్నారు. పైకం వస్తే గుడిమల్కాపూర్‌లో జాగా కొనుక్కోవచ్చు. రాకపోతే ఆ రెండూ కూడా సంతకే.

భర్త మైసయ్య మంచివాడు. ఆ మంచితనంతోనే కొంప ముంచాడు. కచేరీలో ఫైళ్లు చూసే పేష్కారుకు రోజూ చెంబెడు పాలు ఊరికే పోసి, “ఇయ్యాల రేపు అయితదన్నడు” అని తిరిగొచ్చేవాడు.

ఒకనాడు పాలు సత్తెమ్మే అతని ఇంటికి తీసుకుపోయింది. పేష్కారు భార్య గిన్నె పట్టి, “చలికాలంల మా బిడ్డ పెండ్లి ఉన్నది. గప్పటిదాంక రెండు చెంబులు తేవాలె” అంది. ఇంకేం కావాలి? ఫైలు కదిలితే పాలు ఆగుతాయి. అందుకే కదలదు.

సత్తెమ్మ అటునుంచి అటే అఫ్జల్‌గంజ్ పోయి వకీలు బాబురావు ముందు కూర్చుంది.

“ఎంతిస్తమన్నరమ్మా?”

“ఏమన్లేదు, సాబ్.”

“పైసా ఇయ్యం అన్నరా?”

“గది సుత అన్లేదు.”

“తక్కువిస్తే తక్కువని కొట్లాడొచ్చు. ఇయ్యమంటే ఎందుకియ్యరని అడగొచ్చు. ఏం చెప్పకుంటే దేని మీద కొట్లాడుతం? ముందుగాల ఏదో ఒకటి తేల్చుమని హైకోర్టుల అర్జీ ఎయ్యాలె.”

“జడ్జిసాబ్ ధర కట్టడా?”

“కట్టడు. గది అధికారి పని. నీ పని నువ్వు చెయ్యమంటడు, గంతే.”

ఇంట్లో మైసయ్య తల పట్టుకున్నాడు. “సర్కారోళ్లతోని లొల్లా? ఫైలు మూసీల పారేస్తరే!”

“పారెయ్యనీ. మూసీల ఉన్నదనన్న తెలుస్తది. ఇప్పుడేడున్నదో ఎవనికెరుక?”

అర్జీ పడింది. పాలు ఆగాయి. వారం తిరక్కుండానే పేష్కారు శాలిబండకు వచ్చాడు. మైసయ్య మంచం వాల్చాడు.

“అర్జీ వాపస్ తీసుకోండ్రి. మా సాబ్ గుస్సాల ఉన్నడు. వాపస్ తీసుకున్న తెల్లారే ఫైసలా చేస్తడు.”

“ఇన్నేండ్లు మీ కచేరీల తెల్లారనే లేదా?” అంది సత్తెమ్మ. “ఫైసలా రానీ భాయ్, గప్పుడు తీసుకుంట.”

హైకోర్టులో సర్కారు వకీలు, విషయం పరిశీలనలో ఉందన్నాడు. ఎప్పటిదాకా అని జడ్జి అడిగాడు. వకీలు కాగితాలు తిరగేశాడు. రెండు నెలల్లో తేల్చాలి, తేల్చకపోతే అధికారే వచ్చి ఎందుకు తేల్చలేదో చెప్పాలి అని హుకుం అయింది.

గడువులోపలే తేల్చారు. అడిగినదాంట్లో సగం.

గల్లీ అంతా ఓదార్చింది. “గింత లొల్లి చేసింది గిందుకేనా?” అన్నాడు మైసయ్య. సత్తెమ్మ మాత్రం ఆ పూట కడుపునిండా తింది. సగమో పావో, సర్కారు నోరు తెరిచింది. ఇక దాన్ని పట్టుకోవచ్చు. అయితే బాబురావు ఒక మాట చెప్పాడు: చాలదని రాయించకుండా వేలిముద్ర వేస్తే ఒప్పుకున్నట్టే.

కచేరీలో పేష్కారు కాగితం ముందుకు తోసి సిరా అందించాడు. “ఎయ్యి, తొందరగ.”

సత్తెమ్మ చెయ్యి కొంగులోనే ఉంది. “ముందుగాల రాయి. ఇది చాలదు, తగాదా ఉంచుకోని తీసుకుంటున్న అని.”

“పైసలు తీసుకుంటవ్, మళ్ల చాలదంటవా?”

“సగం తీసుకుంటే మిగిలింది మాఫ్ చేసినట్టా?”

“ఎయ్యరాదే, ఇచ్చింది కూడ పోతది!” మైసయ్య ఆమె మోచెయ్యి పట్టి లాగాడు. ఆమె కదల్లేదు. వెనక వరుసలో జనం గొణుగుతున్నారు. పేష్కారు కసిగా రాశాడు. రాసింది ఉర్దూ, తనకు చదువు రాదు. వీడి మాట నమ్మడమా? వరుసలో ఉన్న ఒకతన్ని పిలిచి, “అన్నా, గిది జర గట్టిగ సదువు” అంది.

పెంటయ్యట అతని పేరు. అందరికీ వినబడేలా చదివాడు. అన్న మాటే ఉంది. అప్పుడు వేలిముద్ర వేసింది.

మెట్లు దిగుతుంటే పెంటయ్య వెనకాలే వచ్చాడు. “అక్కా, నా ఇల్లు సుత గట్లనే పోయింది. ఏం చెప్తలేరు. మీ వకీలు ఏడుంటడు?”

“నడువ్. మిగిలిన సగానికి రెండో దావా ఎయ్యనీకి నేను గక్కడికే పోతున్న.”