నైహే మంచం మీది జెండా బొంత

అమ్మ ఆ బొంత నాకిస్తుందనుకున్నాను. పెద్దకొడుకుని. తమ్ముడు నైహేకి ఇచ్చింది.

అది హవాయి జెండా బొంత. రాణిగారిని గద్దె దించాక మా ద్వీపాల్లో ఆడవాళ్లు అలాంటివి కుట్టారు. హొనొలులులో మా జెండా దించి అమెరికా జెండా ఎక్కించిన వారంలోనే అమ్మ ఆఖరి కుట్టు వేసింది. దాన్ని మంచానికి పందిరిలా, బొమ్మ కిందికి చూసేలా కడతారు. బయట ఎవరి జెండా ఎగిరినా, పడుకున్నవాడి పైన మాత్రం మాది.

అంతకు మూడేళ్ల ముందు, రాణిగారిని దించినవాళ్ల కొత్త ప్రభుత్వానికి లోబడి ఉంటానని నేను ప్రమాణం చేశాను. చెయ్యకపోతే వైపియో లోయలో చేమమడి దక్కదు. నైహే చెయ్యనన్నాడు. వాడికి మడీ రాలేదు, రోడ్డు పనీ పోయింది. లోయంతా వాణ్ణి మెచ్చుకుంది. నా మడిలో పండిన చేమ తింటూనే మెచ్చుకుంది.

అరవై ఒక్క ఏళ్లు. వాళ్లింటికి వెళ్తే వాకిట్లోనే కూర్చునేవాణ్ణి. లోపలికి వెళ్తే చూపు పైకి పోతుంది.

మాలో మనిషి పోతే బొంత కూడా మనిషితోనే మట్టిలోకి పోతుంది. ఈ ఏడు నైహే మంచం పట్టాడు.

జూన్‌లో ఓట్లు పెట్టారు, హవాయి అమెరికాలో రాష్ట్రం కావాలా వద్దా అని. వాడి మనవడు జీపులో మా ఇద్దర్నీ తీసుకెళ్లి తెచ్చాడు. నైహేని పడుకోబెట్టాక పక్కన కూర్చున్నాను.

"నువ్వేం వేశావురా?"

"రాష్ట్రం కావాలని."

"నువ్వా?"

"మన పిల్లల్ని యుద్ధానికి పట్టుకెళ్లారు, పన్నులు పట్టుకెళ్తున్నారు. రాష్ట్రం చేసి, ప్రెసిడెంటుని ఎన్నుకునే ఓటు కూడా ఇచ్చి ఏడవమను. నువ్వూ అదే వేసుంటావులే, ప్రమాణాలు అలవాటున్నవాడివి."

"వద్దని వేశాను."

వాడు నవ్వబోతే దగ్గొచ్చింది. "అరవై ఏళ్లకి వచ్చిందా అన్నా రోషం?"

"అయితే బొంత నాకియ్యి."

"ప్రమాణం చెయ్యనందుకు అమ్మ నాకిచ్చిందనుకుంటున్నావా? 'వాడికి మడి ఉంది, నీకేం లేదు, ఇది ఉంచుకో' అంది. అంతే."

"ఇన్నాళ్లూ చెప్పలేదేం?"

"నువ్వు కుళ్లుకుంటుంటే బాగుండేది."

రాష్ట్రం వచ్చిన రోజున, ఆగస్టులో, వాడు పోయాడు.

"బావగారూ, పెద్దవారు మీరు. బొంత మీరే దించండి," అని వాడి భార్య మిలియా నీళ్లు తేవడానికి వెళ్లింది.

కుర్చీ ఎక్కి నాలుగు ముళ్లూ విప్పాను. బొంత మడిచి చంకలో పెట్టుకున్నాను. పెరటి తలుపు తీసే ఉంది. ఇంకో పాత దుప్పటి కప్పితే మిలియా అడిగేది కాదు. చేమమడీ నాదే, ఇదీ నాదే అయ్యేది. అప్పుడు అమ్మ పంచిందేముంది?

వాడి మీద కప్పాను, బొమ్మ వాడి వైపే ఉండేలా.

మిలియా వచ్చి అంచులు సరిచేసింది. అరవై ఒక్క ఏళ్లు వాడికి అది మూడడుగుల పైన ఉండేది. ఇప్పుడు మొహానికే తగులుతోంది. శవపెట్టెలో పెట్టి మూత వేసేదాకా చూస్తూ నిలబడ్డాను.