టోకెన్ తీసుకుని కూర్చోండి

ఏమండోయ్, కాలు మీద కాలేసుకుని కూర్చున్న బావగారూ, మిమ్మల్నే. మీ పెళ్లి ఎవరు చేశారంటే మీసం దువ్వుకుంటూ "మేమే" అంటారు. సరే, ఆ రోజు హాల్లో ఎన్ని కుర్చీలు వేశారో చెప్పండి. నీళ్లు నమిలారా? నమలండి. ఈలోగా కవర్లకు జిగురు రాస్తున్న ఒక పిల్ల కథ చెబుతాను. ఇందులో ఒకళ్లు నిలువునా మోసపోతారు. ఎవరో నాకు ముందే తెలుసని మాత్రం ఎగరకండి.

పెళ్లికింకా మూడు వారాలుంది. ఆదివారం మధ్యాహ్నం పెళ్లికూతురు నేలమీద చతికిలబడి శుభలేఖల కవర్లు అంటిస్తోంది. చెయ్యి కవరు మీదుంది గాని బుర్ర నాలుగు వీధులు తిరుగుతోంది. ఫొటోలాయనకు ఏ టైముకి రమ్మన్నాను, బస్సు నలభై సీట్లదా యాభైదా, పెద్దమ్మకు మెట్లెక్కలేని మోకాళ్లు కదా, హాల్లో లిఫ్టుందా? పళ్లు తోముకుంటుంటే పూలు గుర్తొస్తాయి. రాసుకుందామని కాగితం తీస్తే ఎందుకు తీసిందో గుర్తుండదు. నిన్న బీరువా తాళంచెవి ఫ్రిజ్‌లో దొరికింది. ఒళ్లంతా పులిసిపోయినా కాళ్లు మాత్రం కుట్టుమిషను తొక్కుతున్నట్టు ఊగుతూనే ఉంటాయి. నిద్ర రాదు, మెలకువగానూ ఉండదు. అమ్మనడిగితే "కూర్చుని చేసే పనేగా, ఏం అరిగిపోతావే" అంటుంది. అన్ననడిగితే, మేం వేలు పెడితే నీకు నచ్చదుగా అని వేలితో పాటు చెయ్యి కూడా జేబులో పెట్టేసుకుంటాడు.

ఉద్యోగం పళ్ల డాక్టరు దగ్గర. ముందు గదిలో కూర్చుని వచ్చినవాళ్లకు టోకెన్లిచ్చి వరసలో పిలవాలి. వారం సెలవడిగితే ఆ మహానుభావుడు రోగి నోట్లోంచి చెయ్యి తియ్యకుండానే, పెళ్లి ఒక్కరోజేగా అమ్మా, వారం దేనికన్నాడు. నోరు తెరుచుకునే ఉన్న ఆ రోగి కూడా తలూపాడు.

ఇక పెళ్లికొడుకు. వేలెత్తి చూపడానికి లేదు. గొంతు పెంచడు, మాట తూలడు. ఏమడిగినా "నీకేది నచ్చితే అదే" అంటాడు. మొదటిసారి విన్నప్పుడు ఆమె మనసు కరిగిపోయింది, ఇంతకన్నా ప్రేమ ఏముంటుందని. పదోసారి కాస్త ఆలోచించింది. నిన్న ఇరవయ్యోసారి విన్నప్పుడు, ఎవరో నెత్తి మీది మూట తన నెత్తికెత్తి చేతులు దులుపుకున్నట్టనిపించింది. "పెళ్లయ్యాక కూడా మనింటికి మేనేజరువి నువ్వే" అని కూడా అన్నాడు, బిరుదిస్తున్నట్టు. అప్పట్నుంచీ ఒక ఆలోచన గొంతులో ముల్లులా ఉంది. జీవితమంతా ఇలాగేనా? ఇతన్ని చేసుకోవాలని నాకు నిజంగా ఉందా? అంతవరకూ రాగానే ఎవరో ఒకళ్లు పిలుస్తారు. పెళ్లి పనుల్లో పడి పెళ్లి గురించి ఆలోచించే తీరికే దొరకలేదు ఆమెకు.

ఆ ఆదివారం ఇంటి నిండా జనం. కాబోయే అత్తగారు గుమ్మంలోంచే, కుర్చీలకు తొడిగే గుడ్డలు తెలుపా నీలమా అమ్మాయ్ అనడిగారు. పక్కనుంచి అమ్మ భోజనాలకు ఎంతమంది అంది. పెద్దమ్మ అడ్రసులంది. అన్న ఫొటోలాయన ఫోన్ నంబరన్నాడు. పెళ్లికూతురు తలెత్తలేదు. ఆరేళ్లుగా అలవాటైన మాట నోట్లోంచి దానంతటదే జారింది.

"టోకెన్ తీసుకుని కూర్చోండి. పిలుస్తాను."

అమ్మ నాలుక కరుచుకుంది. అత్తగారు మాత్రం ఒక్క క్షణం చూసి, "బావుందర్రా, మరి నాది ఎన్నో నంబరు?" అంటూ సోఫాలో కూలబడ్డారు. ఇంకేం, అన్నకు ఆట దొరికింది. పాత క్యాలెండరు చింపి నంబర్లు వేసి పంచాడు. అప్పుడే పెళ్లికొడుకు వచ్చాడు. అతనికి అయిదో నంబరు. టోకెన్ చేతికిస్తే మనిషి నోరెందుకు మూతపడుతుందో పెళ్లికూతురికి ఆరేళ్లుగా తెలియని రహస్యమే గాని, మూతపడుతుందని మాత్రం తెలుసు. లేచి, పిలిచేదాకా తలుపు కొట్టొద్దని చెప్పి గదిలోకెళ్లి గడియ పెట్టింది. అయిదు నిమిషాలు నడుం వాలుద్దామనుకుంది.

ఉలిక్కిపడి లేచేసరికి రెండున్నర గంటలు గడిచిపోయాయి. చెంప మీద దుప్పటి మడతలు. కొంప మునిగిందనుకుంటూ తలుపు తీసింది.

హాలు ఖాళీగా ఉంది. కవర్ల దొంతర అంటించి, అడ్రసులు రాసి, తాడు కట్టి ఉంది. అంతా పెద్దమ్మ చేతిరాత. ఎంతసేపు కూర్చుంటాం, ఊరికే కూర్చుంటే మోకాళ్లు పట్టేశాయని మొదలెట్టిందట. కుర్చీల గుడ్డల మీద వియ్యపురాళ్లిద్దరూ కాసేపు పోట్లాడుకుని, తెలుపని తేల్చుకుని, భోజనాల లెక్క చూసుకోవడానికి పెళ్లి హాలుకే వెళ్లారు. ఫొటోలాయన నంబరు అన్న ఫోన్లోనే ఉంది, మొదట్నుంచీ.

సంతోషం రావాలి కదా. రాలేదు. కోపమొచ్చింది. అంటే వీళ్లందరికీ చేతనవును. ఇన్నాళ్లూ చేతనవును. తను అడుగుతుంటే చేతకానిది, తను కనబడకపోతే చేతనైంది.

సోఫా మూల పెళ్లికొడుకు ఒక్కడే మిగిలాడు, చేతిలో అయిదో నంబరుతో. మొహం వెలిగిపోతోంది.

"చూశావా? అందరూ లేచిపోయారు, నేనొక్కణ్ణే నీ మాట మీద కదలకుండా కూర్చున్నాను," అని ఫోన్ చూపించాడు. "ఇంతకీ ఈ రెండు జతల్లో ఏ బూట్లు కొనమంటావు?"

ఆమె ఎదురుగా కూర్చుంది. చాలా రోజుల తర్వాత ఆమె కాళ్లు ఊగడం లేదు.

"లోపల నేనేం చేస్తున్నాననుకున్నావ్?"

"పనులు చూసుకుంటున్నావని."

"నిద్రపోయాను."

అతను పగలబడి నవ్వాడు. "అమ్మో, అందర్నీ భలే మోసం చేశావే."

మీరూ అదే అనుకున్నారు కదూ బావగారూ?

"మోసపోయింది నేను," అంది. "నేను లేకపోతే ఈ పెళ్లి ఆగిపోతుందని నమ్మాను. ఆగదు. నేను లేకపోయినా అన్నీ అయిపోతాయి. ఇక నాకు ఒక్క పనే మిగిలింది. నిన్ను చేసుకోవాలో వద్దో ఆలోచించుకోవాలి. బూట్లు నువ్వే చూసుకో."

అతను ఇంకా నవ్వుతూనే ఉన్నాడు. ఆమె నవ్వడం లేదని గమనించడానికి కాస్త టైము పట్టింది.