దుంగ దగ్గర గౌరి

పదకొండేళ్ళుగా మధ్యాహ్నం రెండు గంటలకి నేను ఏడుస్తున్నాను. ఆదివారం సెలవు. మిగతా ఆరు రోజులూ జనం అన్నం తిని కాస్త నడుం వాల్చే వేళకి నా ఏడుపు మొదలవుతుంది. సీరియల్ పేరు 'గడప దాటని గౌరి'. ఆ గౌరిని నేనే. అత్త పాలల్లో విషం కలిపింది, తాగి బతికాను. ఆడపడుచు మేడ మీంచి తోసింది, పడి బతికాను. మొగుడు రెండో పెళ్ళికి సిద్ధమైతే ఆ పెళ్ళికి పసుపు దంచింది కూడా నేనే. ఇంత జరిగినా గడప దాటలేదు. అలాంటి మనిషి నిజంగా ఎక్కడైనా ఉంటే వెళ్ళి రెండు తగిలించి రావాలనిపిస్తుంది నాకు.

ప్రేక్షకులకి తెలియని సంగతి ఒకటుంది. వాళ్ళు వినే ఏడుపు నాది కాదు. హైదరాబాదులో ప్రసన్న అనే డబ్బింగ్ ఆర్టిస్టు ఏడుస్తుంది. కన్నీళ్ళు నావి, గొంతు ఆవిడది. పదకొండేళ్ళలో ఒక్కరోజు కూడా నా గొంతు టీవీలోకి వెళ్ళలేదు.

నా అసలు పేరు వంతాల కనక. అరకు దాటి కొండెక్కితే మా ఊరు. ఇంట్లో ఒడియాకి దగ్గరగా ఉండే మా కొండమాట, సంతకి దిగితే తెలుగు. అమ్మ చిన్నప్పుడే పోతే పెద్దమ్మ రాజులమ్మ నన్ను పెంచింది. టూరిస్టుల ముందు థింసా ఆడుతుంటే ఒక అసిస్టెంట్ డైరెక్టరు చూసి హైదరాబాదు రమ్మన్నాడు. మొదట పనిమనిషి వేషాలు. మొదటి డైలాగు "ఏమ్మా పిలిచారా?" అని రాసుంటే నా నోటికి "ఏటమ్మా పిలిసేరా?" అని వచ్చింది. సెట్టు సెట్టంతా పడీపడీ నవ్వారు. ఆ రోజే నా గొంతుకి తాళం వేసేశారు. గౌరి వేషం వచ్చాక నా పేరు మనస్విని అయింది. మేకప్పులో రంగు రెండు మెట్లు ఎక్కింది. పత్రికలవాళ్ళ ముందు మా ఊరు రాజమండ్రి అయింది. ఇంటర్వ్యూలో పూతరేకుల గురించి గుక్కతిప్పుకోకుండా చెప్పాను. నేను పూతరేకు మొదటిసారి తిన్నది ఆ ఇంటర్వ్యూలోనే. అదంతా కడుపు కోసం చేశాను. ఎవరికీ సంజాయిషీ ఇచ్చుకోను.

ఈ చైత్రంలో రేటింగు బాగా పడిపోయింది. గౌరిని కొన్నాళ్ళు అరకు తీసుకెళ్దామన్నాడు మా డైరెక్టరు దేవీప్రసాద్. గౌరి, భర్త కలిసి కొండ ఊళ్ళో పండగ చూడడానికి వెళతారు, అక్కడ వాళ్ళ మధ్య మళ్ళీ ప్రేమ పుడుతుంది, ఇదీ నాకు చెప్పిన కథ. అయితే మా ఊరే వెళ్దామన్నాను. మా వాళ్ళని తెర మీద చూడాలన్న ఆశ నాకు ఉంది, ఎందుకుండకూడదు? పెద్దమ్మకి ఫోన్ చేశాను.

"మనల్ని మనలాగే సూపిత్తారా గుంటా?" అని అడిగిందావిడ.

"చూపిస్తారు పెద్దమ్మా. పూచీ నాది" అన్నాను.

ప్రొడక్షన్ మేనేజర్ బాలాజీ సరిగ్గా ఇటుకల పండగ వారంలోనే షూటింగు పెట్టాడు. పండగంటే ఊరంతా ఊళ్ళోనే ఉంటుందనీ, విల్లంబులు పట్టుకున్న మగవాళ్ళు కావలసినంత మంది దొరుకుతారనీ అతని లెక్క. ఇటుకల పండగంటే మగవాళ్ళు తెల్లారకుండానే వేటకి అడవిలోకి పోతారని ఎవర్నీ అడిగి తెలుసుకోలేదు. ఆ రోజుల్లో ఊళ్ళో ఆడవాళ్ళదే రాజ్యం. వేట దొరక్క వట్టి చేతులతో వచ్చిన వాడి మీద పేడనీళ్ళు కుమ్మరిస్తారు. దారికి అడ్డంగా దుంగ పెట్టి, వచ్చిన ప్రతి బండినీ ఆపుతారు. కలెక్టరు కారైనా సరే, ఏదో ఒకటి ఇచ్చిగానీ, తమతో కలిసి ఆడిగానీ దుంగ దాటడానికి లేదు. అదంతా పరాచికం. అందులో కోపం గానీ, కక్ష గానీ ఉండవు.

మా వ్యాను ఊరి మొదట్లోనే ఆగిపోయింది. బాలాజీ మొహం పాలిపోయింది.

"మేడం, లోకల్ గొడవలా ఉంది, పోలీసులకి ఫోన్ చెయ్యమంటారా?"

నేను నవ్వుకుంటూ దిగాను. పెద్దమ్మ ఆడవాళ్ళందరికీ ముందు నిలబడి, నన్నెప్పుడూ చూడనట్టు మొహం పెట్టి, కర్ర అడ్డం పెట్టింది.

"ఎవలే నువ్వు? ఏటిచ్చి ఎల్తావు?"

వాళ్ళ వరసలో చేరి నడుం మీద చేతులేసి ఆడాను. దుంగ లేచింది. వ్యాను కిటికీలోంచి దేవీప్రసాద్ కళ్ళార్పకుండా చూస్తున్నాడు. మా పండగ ఆయనకి నచ్చిందని నేను మురిసిపోయాను.

నచ్చింది నిజమే. ఎలా నచ్చిందో మధ్యాహ్నం సీను కాగితం వచ్చాక తెలిసింది. మా సీరియల్లో సీన్లు ముందుగా రావు. ఆ పూట రాస్తారు, ఆ పూట తీస్తారు, మూడో రోజుకి టీవీలో పడుతుంది. కాగితంలో ఇలా ఉంది: "కొండజాతి ఆడవాళ్ళు దారికి దుంగ అడ్డం వేసి గౌరిని పట్టుకుంటారు. అమ్మవారికి నరబలి ఇవ్వబోతారు. ముసలి మంత్రగత్తె కత్తి ఎత్తుతుంది. గౌరి: నన్ను చంపకండి, నా పసుపు కుంకుమలు కాపాడండి." మంత్రగత్తె ఎవరో కూడా రాసుంది, రాజులమ్మ.

తలెత్తి చూస్తే చింతచెట్టు కింద మేకప్ మనిషి అప్పటికే పెద్దమ్మ మొహానికి మసి పూస్తున్నాడు. నేను పూచీ ఉన్నానుగా, ఆవిడ బుద్ధిగా కళ్ళు మూసుకుని కూర్చుంది.

"ఏటే కనకా, మొకానికి మసెందుకు? బేగి సెప్పు, దురదెడతంది."

చెప్పాను. దాచి ఏం లాభం? ఆవిడ కళ్ళు తెరిచి మేకప్ మనిషి చెయ్యి పక్కకి తోసింది.

"మన తల్లికి కోడిని కోత్తాం, మేకని కోత్తాం. మనిసినెప్పుడు కోసేం?" అంది. తర్వాత మెల్లగా, "నువ్వు పూచీ అన్నావు గదే" అంది.

తిట్టినా బాగుండేది. సిగ్గుతో ఒళ్ళు చచ్చిపోయింది నాకు. ఆ వెనకే ఒళ్ళు మండిపోయింది. కాగితం పట్టుకుని దేవీప్రసాద్ దగ్గరికి వెళ్ళాను.

"ఇది మేం చెయ్యం సార్."

"కథమ్మా ఇది, డాక్యుమెంటరీ కాదు. జనానికి భయం కావాలి. మీ వాళ్ళే కదా, మీరు చెబితే చేస్తారు. అందుకేగా ఈ ఊరు వచ్చాం!"

"ఆవిడ నన్ను పెంచిన మనిషి. ఆవిడ చేతికి కత్తిస్తారా?"

"ఉత్త చెక్క కత్తి. చూడండి మనస్వినిగారూ, గౌరి ఎప్పటికీ ఉంటుంది. మీరు ఉంటారో లేదో మీరే తేల్చుకోండి."

ఆయన అన్నది ఉత్తుత్తి బెదిరింపు కాదు. నలభైకి దగ్గరపడుతున్న నటికి మధ్యాహ్నం సీరియల్ పోతే మళ్ళీ పిలిచేవాళ్ళు ఉండరు. వేషం పోతే నాకు చేతనైన పని ఇంకోటి లేదు. ఈ సీను చేస్తే హైదరాబాదులో నా తిండికి ఢోకా లేదు, మా ఊళ్ళో మాత్రం ఇంకెప్పుడూ తలెత్తుకోలేను. చెయ్యకపోతే గౌరి నాది కాదు. చెట్టు కింద పెద్దమ్మ కొంగుతో మసి తుడుచుకుంటోంది. అది చెంపలంతా పాకుతోంది గానీ పోవడం లేదు.

"దుంగ దగ్గర మా ఆడవాళ్ళు ఏం చేస్తారో అదే చేస్తాం" అన్నాను. "మసి లేదు, కత్తి లేదు. నేను మా కొండమాటే మాట్లాడతాను. ఇష్టమైతే తియ్యండి. లేకపోతే ఎల్లుండి రెండింటికి టీవీలో ఏం వేసుకుంటారో మీ ఇష్టం."

చేతిలో ఒక్క ఎపిసోడ్ కూడా నిల్వ లేదని నాకు తెలుసు. నాకు తెలుసని ఆయనకీ తెలుసు. పొద్దు కొండ మీదికి వాలుతోంది. పళ్ళు కొరుక్కుంటూ కెమెరామన్‌తో అన్నాడు, "తియ్యవయ్యా. ఆవిడ నోట్లోంచి ఏం వచ్చినా ప్రసన్న చూసుకుంటుంది."

అంటే నేను ఏం మాట్లాడినా పైన "నన్ను చంపకండి" అని అతికిస్తారు. ఆ మాట వినగానే నాకు ఏం చెయ్యాలో తెలిసిపోయింది.

పెద్దమ్మ శుభ్రంగా మొహం కడుక్కొచ్చింది. పట్టుచీర, గిల్టు నగలు వేసుకుని గౌరి నడిచొచ్చింది. పెద్దమ్మ కర్ర అడ్డం పెట్టి, మా మాటలో, ఏమిచ్చి వెళతావని అడిగింది. ఈ చీర కంపెనీది, నగలు కంపెనీవి, చివరికి పేరు కూడా వాళ్ళు పెట్టిందే, నా దగ్గర ఇవ్వడానికి కాళ్ళు తప్ప ఏమీ లేవన్నాను. అయితే ఆడి చూపించు, హైదరాబాదు తిండి తిని కాళ్ళు మొద్దుబారాయేమో చూస్తామంది. పక్కనున్నవాళ్ళు గొల్లున నవ్వారు. నేనూ నవ్వాను. కెమెరా ముందు పదకొండేళ్ళలో అలా కడుపులోంచి నవ్వింది లేదు. నవ్వుతూనే మాట్లాడాను, నవ్వుతూనే ఆడాను, ప్రతి మాటకీ పళ్ళు కనపడేలా నవ్వాను. ఇంకో టేకుకి వెలుతురు లేక దేవీప్రసాద్ కట్ చెప్పకుండా అలాగే కుర్చీలో కూర్చుండిపోయాడు. రెండు నిమిషాల్లో సామాన్లు సర్దించి వెళ్ళిపోయారు. నన్ను ఎక్కమని ఎవరూ అనలేదు. నేనూ ఎక్కలేదు.

మర్నాడు ప్రసన్న ఫోన్ చేసింది.

"ఏం చేశావే! నా చేతిలో కాగితం ఏడుస్తోంది, నీ మొహం నవ్వుతోంది. నవ్వే మొహానికి ఏడుపు ఎలా అతికించను? అసలు నువ్వేమన్నావు?"

చెప్పాను. కత్తి సంగతీ, మసి సంగతీ కూడా చెప్పాను.

"ఇన్నాళ్ళూ నీ పెదాలు చూసే నేను తిండి తిన్నాను" అందావిడ. "ఇది నేను చెప్పను కనకా. ఎంత చేసినా అతకడం లేదు, లొకేషన్లో రికార్డయిందే వదిలెయ్యండి అంటాను. వేరే మనిషిని వెతికే టైము వాళ్ళకి లేదు."

"నీ పని ఊడుతుందేమో!"

"గౌరి గొంతుని తీసెయ్యరు. నిన్నే తీసేస్తారు. ఆలోచించుకున్నావా?"

"తియ్యనీ" అన్నాను.

ఆ మర్నాడు రెండింటికి పెద్దమ్మ ఇంట్లో టీవీ ముందు ఊరి ఆడవాళ్ళంతా కూర్చున్నారు. వేట నుంచి వచ్చిన మగవాళ్ళు గుమ్మంలో నిలబడ్డారు. ఆడవాళ్ళు తమని తాము చూసుకుని కాసేపు ఒకటే కేకలు. నేను దుంగ దగ్గరికొచ్చి నోరు తెరవగానే అందరూ ఊరుకున్నారు. టీవీలోంచి నా గొంతు వచ్చింది. కాస్త బొంగురు, కాస్త గట్టి. నాకే కొత్తగా ఉంది. పెద్దమ్మ నా చెయ్యి పట్టుకుని సీను అయ్యేదాకా వదల్లేదు. నాకు ఏడుపొచ్చింది. దానికి మాత్రం గ్లిజరిన్ అక్కర్లేదు.

సాయంత్రానికి ఫోన్ నిండా తిట్లు. గౌరికి ఏమైంది, ఏ భాష అది, మా సీరియల్ పాడుచేశారు అని. పాచిపెంట కొండల నుంచి ఒకమ్మాయి మాత్రం ఇలా మెసేజ్ పెట్టింది: "అక్కా, మా ఇంట్లో మాటా ఇదే. ఏటిచ్చి ఎల్తావని ఆవిడ అడిగితే మా అమ్మ టీవీకి జవాబు సెప్పింది."

ఆ వారం చివర్లో బాలాజీ ఫోన్ చేశాడు. పెద్దమ్మా నేనూ వాకిట్లో కూర్చుని చింతపండు పిక్క తీస్తున్నాం. అతని గొంతులో తేనె కారుతోంది.

"మేడం, కథ కొంచెం మారింది. తిరిగొచ్చేటప్పుడు ఘాట్‌రోడ్డులో గౌరి కారు పడిపోతుంది. మొహం కాలిపోతుంది. ప్లాస్టిక్ సర్జరీ చేస్తే కొత్త మొహం వస్తుంది. బెంగళూరు అమ్మాయిని మాట్లాడేశాం. గొంతు ప్రసన్నగారిదే."

"శుభం."

"మీకు ఒక్కరోజు పనుంది మేడం. హాస్పిటల్ సీను. మొహం నిండా కట్లు కట్టుకుని మంచం మీద పడుకోవాలి, అంతే. కష్టమేమీ లేదు. డైలాగు కూడా లేదు."

పెద్దమ్మ చేతిలో పని ఆపి నన్నే చూస్తోంది. నేను పిక్క తీసి పక్కన పడేశాను.

"కట్ల కింద ఎవరున్నారో ఎవరికి తెలుస్తుంది, నువ్వు పడుకో బాలాజీ" అన్నాను. "నేను నోరు తెరిచే సీను ఉన్నప్పుడు పిలు. వత్తాను."