మూతల్లేని ఇల్లు

ఆ ఇంట్లో దేనికీ మూత ఉండదు. పాలగిన్నె, నూనె డబ్బా, సిరా సీసా, అన్నీ నోళ్లు తెరుచుకునే ఉంటాయి. ఏది ఒలికినా అత్తగారున్నారు కదా అని కోడలి ధీమా. ఆవిడ టీ గ్లాసు పక్కన పెట్టి లేచి, నేల మీద పారే పాలని "తిరిగింది చాల్లే, ఇంటికి రా" అని గదమాయిస్తే, పాలు బుద్ధిగా వెనక్కి పాకి గిన్నెలోకి ఎక్కేస్తాయి. ఇరుగుపొరుగువాళ్లూ అందుకే పిలుస్తారు. ఆవిడ తిరిగొచ్చేసరికి టీ చల్లారిపోతుంది, దాన్ని కుండీలో మొక్కకి పోసేస్తుంది. ఇక నేల తుడిచే గుడ్డంటారా, అది ఎలా ఉంటుందో కొడుక్కి తెలియనే తెలియదు.

కొడుకు కారు మెకానిక్కు. ఆ ఉదయం ఇంటి ముందు ఒక కారులోంచి ఇంజన్‌ని చల్లబరిచే పాత కూలెంట్‌ని బేసిన్‌లోకి దించుతుంటే కొంత ఒలికి, పచ్చగా మడుగు కట్టింది. "అమ్మ వచ్చి పిలుస్తుందిలే" అనుకుని స్పానర్ కోసం లోపలికెళ్లాడు. అమ్మేమో పక్కింట్లో ఒలికిన నూనెని పిలుస్తోంది.

అతను బయటికొచ్చేసరికి ఇన్‌స్పెక్టరు ఆ మడుగు పక్కన మూతి నాక్కుంటూ కూర్చుంది. ఇన్‌స్పెక్టరంటే వాళ్ల పిల్లి. ఇంట్లో ప్రతి గిన్నెనీ తనిఖీ చేస్తుందని ఆ పేరు. కూలెంట్ తియ్యగా ఉంటుందనీ, పిల్లి ప్రాణానికి ఒక్క గుక్క చాలనీ అతనికి తెలుసు. పిల్లిని ఎత్తుకుని లోపలికి కేకేశాడు.

కోడలు పాలగిన్నెతో పరుగెత్తుకొచ్చింది.

"పాలు పడితే విరుగుడు కదండీ?"

"ఆగు, డాక్టర్ని అడగనీ."

ఫోన్లో పశువుల డాక్టరమ్మ గొంతు కటువుగా ఉంది. "ఏమీ పట్టొద్దు. గొంతులో వేళ్లు పెట్టొద్దు. అది రక్తంలో కలిస్తే కిడ్నీలు పోతాయి, వెంటనే తీసుకురండి. మీ అమ్మగార్ని కూడా. బేసిన్ మర్చిపోకండి."

గిన్నె ఎదురుగా లేకపోతే ఒలికింది దారి పట్టదని అందరికీ తెలిసిందే.

దారిలోనే పిల్లి తాగినవాడిలా తూలడం మొదలెట్టింది. తల్లి బేసిన్ ఒళ్లో పెట్టుకుని దాన్నే చూస్తోంది.

"మింగినదాన్ని నేనెప్పుడూ పిలవలేదురా."

"ఒలికిందే కదమ్మా. నేను ఒలకబోసిందే."

డాక్టరమ్మ పిల్లి కాలికి సూది గుచ్చి సెలైన్ ఎక్కించింది. "రక్తం సంగతి నేను చూస్తాను. కడుపులోది మీరు చూడండి."

తల్లి వంగి, పిల్లి చెవి దగ్గర గదమాయించింది. ఏమీ కదల్లేదు. ఇంకా గట్టిగా గదమాయించింది. పిల్లి కళ్లు తేలేసింది. కోడలు మొహం తిప్పేసుకుంది.

అప్పుడావిడ బతిమాలింది. "రా నాన్నా. నీ ఇల్లు అది కాదు. రా." ఒక్కో పిలుపుకీ గొంతు అరిగిపోతూ వచ్చింది. పిల్లి మూతి చివర పచ్చటి చుక్క ఒకటి కనిపించింది. అది బల్ల అంచు దాకా పాకి బేసిన్‌లో పడింది. దాని వెనకే ఇంకోటి, ఆ వెనక సన్నటి ధార. చివరి చుక్క పడేసరికి ఆవిడ పెదాలు మాత్రమే కదులుతున్నాయి.

కొన్నాళ్లకి పిల్లి ఇంటికొచ్చింది. ఆవిడ గొంతూ వచ్చింది. వచ్చిన మర్నాడే కొడుకు చెయ్యి తగిలి పాలగిన్నె బోర్లాపడింది. అందరూ ఆవిడ వంక చూశారు.

"ఇంటికి రా" అందావిడ.

పాలు వినిపించుకోకుండా బీరువా కిందికి పోయాయి.

కొడుకు తన పాత చొక్కా తెచ్చి మోకాళ్ల మీద కూర్చుని తుడవడం మొదలెట్టాడు. పక్కింటి గోడ మీంచి కేక వినిపించింది.

"పిన్నిగారూ, నూనె ఒలికింది!"

"గుడ్డ పంపిస్తానండీ," అంది కోడలు. "అత్తయ్య టీ తాగుతున్నారు."

ఇన్‌స్పెక్టరు పాలని దూరం నుంచే వాసన చూసి, వచ్చి ఆవిడ ఒళ్లో ముడుచుకుంది. ఆవిడ పొగలు కక్కే టీని ఊదుకుంటూ చివరిదాకా తాగింది. గ్లాసు అడుగున పంచదార మిగిలి ఉంటుందని ఆవిడకి అప్పుడే తెలిసింది.