ఇనప తీగతో అల్లిన తమ్ముడు

బ్వెనవెంతురా రేవులో, అడవితాటి నారతో బుట్టలు అల్లే ఇంట్లో పుట్టింది ఎలోడియా. ముప్పై ఏడేళ్ళు వచ్చేదాకా ఆమె వేళ్ళకు నార తప్ప మరొకటి తెలియదు. పేటను ఏలే ముఠావాళ్ళు తమ్ముడు ఎవెలియోను నరికి సముద్రంలో పారేశాక ఆమె నార ముట్టుకోలేదు.

"నార కుళ్ళిపోతుందమ్మా. వీడు కుళ్ళకూడదు," అంది తల్లితో.

పడవలు బాగుచేసే చోట తుక్కు తీగ ఏరుకొచ్చి, అదే బుట్ట అల్లికతో తమ్ముడి ఒళ్ళు అల్లింది. ఆ నరకడం కళ్ళతో చూసిన, చేపలమ్మే ఆవిడను అడిగి, కత్తి దిగిన చోటల్లా అల్లిక తెంచి కొసలు బయటికి వదిలేసింది. కాలీ నగరంలో బొమ్మల ప్రదర్శనలో దాన్ని వేలాడదీస్తే, దగ్గరికెళ్ళి తాకినవాళ్ళ వేళ్ళు తెగి నెత్తురొచ్చేది. పత్రికల్లో ఆమె పేరు పడింది. తల్లులు ముఠా చేతిలో పోయిన పిల్లల ఫొటోలు పట్టుకుని రావడం మొదలుపెట్టారు. ఆరేళ్ళలో పదకొండు ఒళ్ళు అల్లింది.

పన్నెండోది చచ్చినవాడిది కాదు. చేతిలో కత్తి, ఎడమ చెవి సగం లేదు. పేటలో ఆ చెవి ఎవరిదో తెలియనివాళ్ళు లేరు.

ఆ చెవివాడే, ముఠాను నడిపే హైలెర్, పట్టపగలే వచ్చాడు, వెంట ఇద్దరు.

"ఏం ఎలోడియక్కా, నా బొమ్మ చేశావంట? ఒక్క మాట చెబితే వచ్చి కూర్చునేవాణ్ణిగా!"

"నీకు కూర్చునే తీరికెక్కడిదిరా? నరకడానికే పొద్దు చాలట్లేదాయె."

వెనకనున్నవాడొకడు నవ్వబోయి ఆపుకున్నాడు. హైలెర్ ఆమె కుడిచెయ్యి బల్లకు అదిమి, ఆమె పట్టకారుతోనే వేళ్ళు ఒక్కొక్కటే విరిచాడు. మొదటి రెండింటికీ అరిచింది. మూడోదానికి వాడి మొహాన ఉమ్మింది. నాలుగోదానికి స్పృహ తప్పింది. అడ్డుపడిన తల్లిని పొత్తికడుపులో తన్నారు. ఆ ముసలామె నెల తిరక్కుండానే పోయింది.

వేళ్ళు వంకరగా అతుక్కున్నాయి. ఎడమచేత్తో తీగ వంచడం నేర్చుకోవడానికి ఎలోడియాకు రెండేళ్ళు పట్టింది.

ఆ రెండేళ్ళు తిరిగేసరికి హైలెర్‌ను సొంత మనుషులే ముక్కలు చేసి సముద్రంలో కలిపారు. నాలుగోనాడు వాడి తల్లి డొమితిలా ఫొటో పట్టుకుని గుమ్మంలో నిలబడింది.

"ఎలోడియమ్మా, పూడ్చుకోడానికి నాకు గోరు కూడా దొరకలేదే. వాడి ఒళ్ళు అల్లిపెట్టవే."

ఎలోడియా లేచి వెళ్ళి ఆమె చెంప ఫెడీమనిపించింది. డొమితిలా పడిపోయింది. పెదవి చిట్లింది. లేచి మళ్ళీ ఫొటో చాచింది.

"ఇంకోటి కొట్టుకో. కొట్టాక చెయ్యి."

ఎలోడియా తీగచుట్ట తెచ్చి ఆమె కాళ్ళ ముందు విసిరేసింది.

"వాడి ఒళ్ళు నేను ముట్టను. నువ్వే అల్లు, ఎలాగో చెబుతా. చేతికి గుడ్డ చుట్టుకున్నావంటే బయటికి ఈడ్చేస్తా."

మూడు నెలలు అల్లింది డొమితిలా. అరచేతులు చీరుకుపోయాయి. అల్లిక తప్పితే ఎలోడియా లాగి విప్పేసేది, నోటికొచ్చిన బూతులు తిట్టేది. భుజాల దాకా వచ్చినరోజు డొమితిలా తలెత్తకుండా అడిగింది.

"మీవాణ్ణి వీడే నరికాడా?"

"వీడే. నీళ్ళు తాగుతున్నవాణ్ణి, వెనకనుంచి."

డొమితిలా నెత్తురు చేతులు ఒంటి బట్టకు తుడుచుకుంది. తర్వాత మళ్ళీ తీగ అందుకుంది.

ఆ తీగ ఒంటిని పెట్టెలో పెట్టి పూడ్చిన రోజున ఎలోడియా వెళ్ళలేదు. వారం తర్వాత డొమితిలా తిరిగొచ్చి, ఎవరి పిల్లాడిదైనా సరే అల్లుతానంది. ఎలోడియా ఔననలేదు, పొమ్మనీ అనలేదు. ముసలిది కూర్చుంది. ఆమెను చూసి ఇద్దరు తల్లులు తమ ఫొటోలు వెనక్కి తీసుకెళ్ళిపోయారు. మిగతావాళ్ళు వస్తూనే ఉన్నారు, డొమితిలాతో మాత్రం మాట్లాడరు.