చావుకు పోయేవాణ్ణి ఆపరు

వెర్నర్ దొర తన ఊరి సంగతి ఎత్తుకున్నాడంటే ఆ పూట కూడు చల్లారిపోవలసిందే. ఎర్రగుంట్ల దగ్గర కొత్తగా లేస్తున్న సిమెంటు ఫ్యాక్టరీలో బట్టీ బిగించడానికి జర్మనీ నుంచి వచ్చిన ఫిట్టరు ఆయన. పుట్టింది ఎల్లెర్‌బ్రుక్ అనే చిన్న ఊళ్ళో. ఆయనకు వండిపెట్టే రామసుబ్బమ్మకు ఆ పేరు నోరు తిరగదు గానీ, ఊరు మాత్రం ఇరుగుపొరుగంత ఎరుక. సాయంత్రమైతే దొర వరండాలో కూర్చుని ఇంగ్లీషులో చెప్పేవాడు. జీపు నడిపే మహానంది పటాలంలో పనిచేసి వచ్చినవాడు కాబట్టి దాన్ని తెలుగులోకి దించి, తన వంతు ఉప్పూ కారం కలిపి ఆమెకు వడ్డించేవాడు.

ఎల్లెర్‌బ్రుక్ కొండల నడుమ పల్లంలో ఉంది. చుట్టూ పలకరాయి గనులు. మనకు నాపరాయి ఎట్లాగో వాళ్ళకు అది అట్లా. గోడకూ అదే, ఇంటి కప్పుకూ అదే, చచ్చాక గోరీ మీదా అదే. ఊరి నడిమధ్యన ఒక వంక పారుతుంది. మేక దూకి దాటేంత వంక. పూర్వం అది ఇద్దరు రాజుల సీమలకు ఎల్ల. ఈ గట్టువాళ్ళు ఒకరికి పన్ను కట్టేవాళ్ళు, ఆ గట్టువాళ్ళు ఇంకొకరికి. ఎవరికి కడితేనేం, బడి ఈ గట్టున, చర్చీ శ్మశానమూ ఆ గట్టున. పిల్లలను ఇచ్చిపుచ్చుకోవడం రెండు గట్ల మధ్యన. మూడువందల ఏళ్ళ కిందట మతాల పేరిట జరిగిన యుద్ధంలో ఎవరి సైన్యమో వచ్చి ఊరంతా తగలబెట్టిపోయింది. మిగిలినవాళ్ళు తిరిగొచ్చి, బూడిద ఎత్తిపోసి, ఎవరి పునాది మీద వాళ్ళు మళ్ళీ ఇల్లు కట్టుకున్నారు. తర్వాత రాజులూ పోయారు. ఎల్లరాయి మీద కూర్చుని ముసలివాళ్ళు పొగ తాగేవాళ్ళు.

మొన్నటి పెద్ద యుద్ధంలో జర్మనీ ఓడింది. గెలిచినవాళ్ళు దేశాన్ని పంచుకుంటూ, ఎల్లెర్‌బ్రుక్ దగ్గరికి వచ్చేసరికి ఆ పాత ఎల్లనే పట్టుకున్నారు. ఆ గట్టు రష్యావాళ్ళ పాలు, ఈ గట్టు అమెరికావాళ్ళ పాలు. కొన్నేళ్ళు జనం వస్తూపోతూనే ఉన్నారు. యాభైరెండులో ఒకనాడు తెల్లారేసరికి ఆ గట్టున ముళ్ళతీగ కంచె లేచింది, కాలివంతెన ఊడింది, తుపాకులు పట్టుకుని కావలివాళ్ళు నిలబడ్డారు. ఆ రాత్రి వెర్నర్ పండగని ఈ గట్టున అక్క ఇంట్లో పడుకున్నాడు. తల్లి ఆ గట్టున సొంత ఇంట్లో పడుకుంది. అంతే, ఐదేళ్ళయినా ఒకరినొకరు తాకింది లేదు.

చెయ్యి ఊపినా నేరమే. అందుకని ముసలమ్మ రోజూ పొద్దున్నే మిద్దె కిటికీ తెరిచి దుప్పటి దులిపేది. దులిపిందంటే బాగున్నట్టు. అక్క ఈ గట్టు నుంచి చూసి తమ్ముడికి కబురు రాసేది.

ఆ ఏడు ఎండలు ముదిరిన కాలంలో అక్క దగ్గర నుంచి తంతి వచ్చింది. కిటికీ తెరుచుకోవడం లేదు, డాక్టరు వచ్చిపోతున్నాడు, ఆశ లేదని చెప్పుకుంటున్నారు. వెర్నర్ పళ్ళెం ముందు కూర్చుని ముద్ద ఎత్తలేకపోయాడు. అంతకుముందు రెండుసార్లు ఊరికి పోయినప్పుడు ఆ గట్టుకు పోనివ్వమని అర్జీ పెట్టుకున్నాడు. ఉలుకూ లేదు పలుకూ లేదు.

రామసుబ్బమ్మ ఆయన ఎదుట చతికిలబడింది. "ఇది మా ఊరి కతే కదప్పా మహానందీ! ఈ దొరకు చెప్పు. లేసి పొమ్మను. చావుకు పోయేవాణ్ణి ఎవురూ ఆపరు."

దొర విని నవ్వాడు. ఆ నవ్వులో ఏమీ లేదు. అక్కడ తుపాకులున్నాయన్నాడు.

"మా ఊర్లో పూలదండలు పట్టుకోని నిలబడినారనుకున్యాడా? యాటకొడవండ్లు ఉండాయి, నాటుబాంబులు ఉండాయి."

ఆమెది కోయిలకుంట్ల పక్క పల్లె. ఊరు రెండు పార్టీలు. పుట్టింది కింది వీధిలో, మెట్టింది మీది వీధికి. ఆమె పెళ్ళయిన తర్వాత రాజుకుంది కక్ష. ఇటువాళ్ళు అటు అడుగు పెడితే తల ఉండేది కాదు. ఆమె మొగుణ్ణి కింది వీధివాళ్ళే చేను గట్టున నరికారు. ఆ తర్వాత కొన్నాళ్ళకు కింది వీధిలో ఆమె తల్లి మంచాన పడి, ప్రాణం పోయే గడియ వచ్చింది.

"నేను పోయినా దొరా. జుట్టు ఇరబోసుకోని, ఉత్త చేతుల్తో, మిట్టమధ్యాన్నం, వీధి నడుమన పోయినా. మా యమ్మ పోతాండాది అని అరుచుకుంటా పోయినా. మూలమీద ఎవుడు కూచోనుండాడు? నా మొగుణ్ణి నరికినోడే. కొడవలి తొడ మీదనే ఉండాది. లేసి పక్కకు జరిగినాడు. ఆ యమ్మకు నీళ్ళియ్యండ్రా అన్యాడు."

"తాగావా?" అని దొర అడిగాడు.

"తాగితి. తాగకుంటే వాని మర్యాద ఏం గావాల?"

వెర్నర్ ఆ మాటను మహానంది చేత రెండోసారి చెప్పించుకున్నాడు.

"దొంగమాదిరి రేత్రిళ్ళు పోగాకు. పట్టపగలు పో. చేతులు సూపిచ్చుకుంటా పో. తల్లి కడుపున పుట్టినోడు ఎవుడైనా దోవ ఇడుస్తాడు."

ఆ రోజు మహానంది ఉప్పూ కారం ఏమీ కలపలేదు. ఉన్నదున్నట్టు చెప్పాడు. వంటింటి దగ్గరికి వచ్చి మాత్రం గొంతు తగ్గించి అన్నాడు: "అక్కా, మీ కింది వీధోళ్ళకు నువ్వెవురో తెలుసు, మీ యమ్మెవురో తెలుసు. ఆ కావలోళ్ళు యాడనుంచో జీతానికి వచ్చినోళ్ళు. వాళ్ళకు ఆర్డరొకటే తెలుసు."

"జీతగాడికి అమ్మ ఉండదా ఏమి?" అని ఆమె కసిరింది. సొంతంగా అనుభవించి చెప్పినదానికి ఎదురు చెప్పడం ఎవరివల్ల అవుతుంది?

రెండు రోజుల్లో వెర్నర్ సెలవు తీసుకుని బొంబాయి రైలెక్కాడు. పోతూ పోతూ రామసుబ్బమ్మ రెండు చేతులూ పట్టుకున్నాడు. దొర చెయ్యి తాకడం ఆమెకు అదే మొదలు. బంగళా తుడుచుకుంటూ, కొడుకును పంపిన తల్లిలాగా ఆమె లెక్కలు కట్టుకుంది. ఈపాటికి చేరుంటాడు, ఈపాటికి తల్లి నోట్లో నీళ్ళు పోసుంటాడు. ఎంత ధీమా అంటే, సంతలో కూరగాయలమ్మే ఆడవాళ్ళకు కూడా చెప్పుకుని మురిసింది.

వానలు మొదలయ్యాక బట్టీ పనికి ఇంకో దొర వచ్చాడు. వెర్నర్ ఏడీ అంటే ముఖం తిప్పుకున్నాడు. మహానంది నాలుగు రోజులు జీపులో తిప్పి తిప్పి, సంగతి కూపీ లాగాడు. వంటింటి గడపలో నిలబడి చెప్పాడు.

"పోయినాడంటక్కా. నువ్వు చెప్పినట్టే పట్టపగలు, చేతులు పైకెత్తి, మా యమ్మ పోతాండాది అని అరుచుకుంటా వంకలో దిగినాడంట. అక్క ఈ గట్టున నిలబడి చూస్తానే ఉండాదంట. కావలోళ్ళు కంచె గేటు తీసినారంట."

రామసుబ్బమ్మ ముఖం వెలిగింది. "నేను సెప్పలా!"

"తీసి, లోపలికి గుంజి, మళ్ళీ మూసినారు. లారీలో ఎక్కించినారు. అమెరికావోళ్ళు పంపిన వేగులోడని కేసు. ఆరేండ్లు జైలంట."

"వాళ్ళమ్మ? సూసెనా వాళ్ళమ్మను?"

మహానంది తలగుడ్డ విప్పి మళ్ళీ చుట్టుకున్నాడు. "ఆ యమ్మ చావలేదక్కా. జొరం తగ్గి లేసింది. కొడుకు గొంతు ఇని కిటికీ తెరిసిందంట. లారీ ఎక్కించేది చూసిందంట."

రామసుబ్బమ్మ పొయ్యి పక్కనే కూలబడింది. ఊళ్ళో అయితే రెడ్డి కాళ్ళ మీద పడేది. కోయిలకుంట్లకు పోయి పోలీసుల ముందు దుమ్మెత్తి పోసుకునేది. ఇప్పుడు ఎవరి గడప తొక్కాలి? రష్యావాడి కాళ్ళు ఎక్కడున్నాయి పట్టుకోవడానికి? తనకు దోవ ఇచ్చిన లోకమే లోకమంతా అనుకుంది. ఆ అనుకోవడం తన ప్రాణానికి రాలేదు, పక్కవాడి ప్రాణానికి వచ్చింది.

కొత్త దొర భోజనానికి కూర్చున్నప్పుడు ఆమె వడ్డించకుండా నిలబడిపోయింది. గుమ్మం దగ్గరున్న మహానందిని పిలిచింది.

"ఈ దొరనడుగప్పా. ఆ యమ్మకు ఎట్లన్నా ఒక మాట చేర్పించమను. నీ కొడుకును పొమ్మని చెప్పింది రామసుబ్బమ్మ అనే ఆడది, ఎర్రగుంట్ల కాడ ఉండాది అని."

"ఎందుకక్కా అది?"

"నా మొగుణ్ణి నరికినోని పేరు నాకు తెలుసు. నీళ్ళిచ్చినా సరే, పొద్దున లేసి వాని పేరు పెట్టి తిట్టుకుంటా ఇన్నేండ్లు బతికినా. ఆ యమ్మకు తిట్టుకునేదానికి ఒక పేరన్నా ఉండాల గదప్పా."

మహానంది అడిగాడు. కొత్త దొర పళ్ళెం పక్కకు జరిపి, ఆ వంక దాటి మాట కూడా పోదని చెప్పాడు.